పాషా గారి బాతు మెడ

నువ్వు నమ్మవు. ముందే చెప్తున్నా, మా అమ్మ సమాధి మీద ఒట్టేసి చెప్తున్నా, నువ్వు నమ్మవు గాక నమ్మవు. అయినా కూర్చో. ఆ పిల్లిని కిందకి తోసెయ్, అది తనంతట లేవదు, జమీందారిణి. ఆ, అట్టా. డొమొకోష్ గురించే గదా నువ్వొచ్చింది? నాటకశాల ముందు వాడి బొమ్మ పెడుతున్నారంట, విన్నాలే. చూశా కూడా. ముక్కు తప్పు చెక్కారు. వాడి ముక్కు ఎడం పక్కకి ఒరిగుంటుంది, కుడి పక్కకి కాదు. ఎందుకు ఒరిగిందో నాకు తెలవకపోతే ఎవరికి తెలుస్తుంది, కొట్టింది నేనేగా. ఒక పిల్ల గురించి. ఆ పిల్ల ఇద్దర్నీ కాదని రైలు గార్డుని చేసుకుందిలే, అది వేరే కథ. నువ్వు నాటకశాలలో కొత్తగా చేరావు, పెద్ద చదువు చదివావు, మోజెష్ తాతని అడిగితే అన్నీ చెప్తాడని ఎవరో నిన్ను ఇటు తోలారు. సరిగ్గానే తోలారు. ఈ ఓల్ట్ ఏటి గట్టున నాకంటే ఎక్కువ అబద్ధాలు చెప్పేవాడు లేడంటారు గానీ, నాకంటే ఎక్కువ నిజాలు తెలిసినోడు కూడా లేడు. ఏది ఏదో ఏరుకోవడం నీ పని. పాలింకా పోసుకుంటావా? రేగుపళ్ళ సారా, పోయినేటిది. వద్దా? సరే, నీ వంతు కూడా నేనే తాగుతా, మర్యాద పోకూడదు.

అసలు వాణ్ణి నటుణ్ణి చేసింది నేను. ఆ మాట రాసుకో. నేనప్పటికే నాటకాల లారీ తోల్తున్నా. తెరలు, బల్లలు, గడ్డాలు, మీసాలు, తాగి పడిపోయిన హీరోలు, అన్నీ నా లారీలోనే. డొమొకోష్ రంపపు మిల్లులో దుంగలు దొర్లించేవాడు. ఆ మిల్లులో రంపం మోత మీద మాట వినపడాలంటే గొంతు ఎట్టా ఉండాలో ఆలోచించు. వాడు ఇక్కడ 'పక్కకి తప్పుకోండిరా' అని అరిస్తే అవతలి గట్టున ఆవులు తప్పుకునేవి. ఒకరోజు కొండ దారిలో నా లారీ దిగబడింది, మిల్లోళ్ళు వచ్చి నెట్టారు, వాడి అరుపు విని లారీలో నిద్రపోతున్న మా మేనేజరు లేచి కూర్చున్నాడు. 'ఎవడ్రా ఆ ఎద్దు? రాజు వేషానికి సరిపోతాడు' అన్నాడు. నేనే వాణ్ణి చెయ్యి పట్టి లారీ ఎక్కించా. సరే, మేనేజరు అడిగాకే ఎక్కించా. కానీ చెయ్యి నాది.

మొహం ఉంది, గొంతు ఉంది, ఒళ్ళు ఉంది. లేనిది ఒక్కటే, జ్ఞాపకం. అమ్మాయ్, వాడి బుర్ర జల్లెడ. పొద్దున నేర్పిన మాట మధ్యాన్నానికి ఉండేది కాదు. చదువు కూడా నా అంతే, అక్షరాలు కూడబలుక్కుని చదివేలోపు నాటకం అయిపోయేది. మరి అన్నేళ్ళు హీరోగా ఎట్టా నిలబడ్డాడంటావా? బోరి పిన్ని. మా ప్రాంప్టరు. స్టేజీ ముందు చెక్క గూడు ఉండేది చూడు, జనానికి వీపు, నటులకి మొహం, అందులో బోరి పిన్ని. పొట్టి మనిషి, గూట్లో పావురం లాగా కూర్చునేది. మిగతా ప్రాంప్టర్లు మాట అందిస్తారు, ఈవిడ మాటకి రాగం కూడా కలిపి అందించేది. కోపం మాటైతే గుసగుసలోనే కోపం, ఏడుపు మాటైతే గుసగుసలోనే ఏడుపు. ఆవిడ ఊపిరి తియ్యడం, వాడి నోరు తెరుచుకోవడం. మధ్యలో వెంట్రుక కూడా పట్టదు. జనం అనుకునేవాళ్ళు, అబ్బా, డొమొకోష్ ఎంత బాగా చెప్పాడో అని. చెప్పింది వాడే, కానీ మాట ఆవిడది. దాచడమెందుకు, వాడే చెప్పుకునేవాడు. 'బోరి పిన్ని దారం, నేను బొంగరం' అనేవాడు.

ఒకసారి పల్లెలకి ఆట ఆడ్డానికి పోతా ఉంటే లారీ ఆగిపోయింది, ఎలుగుబంటి వచ్చింది. నవ్వకు, ఇప్పటికీ మీ ఇంటి వెనక చెత్తడబ్బా దగ్గరికి రావట్లా? ఇది ఇంకా పెద్దది. అందరం లారీ ఎక్కేశాం, డొమొకోష్ కింద ఉండిపొయ్యాడు. 'ఏదో ఒకటి మాట్లాడరా, ఎలుగుకి మనిషి గొంతంటే భయం' అని నేనే అరిచా. వాడికి మాటలు రావు గదా! నోరు తెరిచి నిలబడ్డాడు, చేప లాగా. అప్పుడు బోరి పిన్ని టార్పాలిన్ చాటునుంచి గుసగుసగా మొదలెట్టింది, వాడు అందుకున్నాడు, పిండిమర ముసలాడి నాటకంలో పెద్ద మాటంతా ఆ ఎలుగుకి వినిపించాడు. అది కూర్చుని విన్నది. ఒట్టు. మాటైపోయాక లేచి, తల ఊపి పొయ్యింది. చప్పట్లు మాత్రం కొట్టలా. ఆ మాటేందో గుర్తుపెట్టుకో, కథంతా దాని మీదే ఉంది.

అది ఉత్త నవ్వుల నాటకం. పిండిమర ముసలాడు శీతాకాలం అంతా ఒక బాతుని మేపుతాడు. పండక్కి పెళ్ళాం కాతా దాన్ని వేపి, తన తమ్ముడికి పెట్టేస్తుంది. ముసలాడికి మెడ మిగులుస్తుంది. అప్పుడు వాడు అంటాడు, ఆగు, లేచి చెప్తా, కూర్చుని చెప్పే మాట కాదు. 'బాతేదే కాతా? నా నోట్లో కూడు తీసి దాని నోట్లో పెట్టానే! నేను చలికి వణుకుతా నా కోటు కప్పి దాన్ని పడుకోబెట్టానే! తొడలు నీ తమ్ముడికి, రొమ్ము నీ తమ్ముడికి, నాకు మెడా?' అని ఇల్లంతా ఎగిరి గంతులేస్తాడు, కత్తి తీస్తాడు, సైన్యాన్ని పిలుస్తానంటాడు, బావమరిది మీద యుద్ధం ప్రకటిస్తాడు. అంతా అయ్యాక కూలబడి, చిన్న గొంతుతో, 'సరే... ఆ మెడైనా పెట్టవే, ఆకలేస్తంది' అంటాడు. అంతే. ఆ చివరి మాటకి జనం బల్లల మీద పడి దొర్లేవాళ్ళు. ఎలుగు భయానికో ఏమో, వాడి బుర్రలో నిలిచిన మాట జన్మలో అదొక్కటే. మిగతావన్నీ జల్లెడ, అదొక్కటి రాయి.

తర్వాత బోరి పిన్నికి చూపు తగ్గతా వచ్చింది. గూట్లో బల్బు మార్చారు, అక్షరాలు పెద్దవి చేసి రాశారు, లాభం లేకపొయ్యింది. ఆవిడ ఎవరికీ చెప్పకుండా ఒకరోజు కళ్ళజోడు గూట్లోనే వదిలేసి మెద్వెష్‌ఫాల్వాలో అక్క ఇంటికి పొయ్యింది. ఆ ఊరు నీకు తెలుసుగా, కొండకి అవతల, చలికాలం కాకులు కూడా ఎగరకుండా నడుస్తాయి. కొత్త ప్రాంప్టరొచ్చాడు. మంచి కుర్రాడే, కానీ రేడియోలో వార్తలు చదివినట్టు చదివేవాడు. డొమొకోష్ స్టేజీ మీద నిలబడి, 'ఏందీ? మళ్ళీ చెప్పు' అని గూటిని అడగడం మొదలెట్టాడు. ఒకసారి రాజు వేషంలో మాట మర్చిపొయ్యి, సింహాసనం మీదనుంచి లేచి, 'ఇయ్యాల మంచు బాగా కురుస్తంది' అన్నాడు. నాటకంలో అది ఎండాకాలం. జనం నవ్వారు. వాడు లోపలికొచ్చి నా లారీలో కూర్చుని రెండు చేతుల్తో మొహం కప్పుకున్నాడు. నేనేమన్నానో తెల్సా? 'మంచు నిజంగానే కురుస్తంది గదరా, తప్పేముంది' అన్నా. స్నేహితుడన్నాక అట్టా ఉండాలి.

అప్పుడే సినిమా వచ్చింది. బుకారెస్ట్ నుంచి ఒక డైరెక్టరు, చూస్తేనే పిల్లలు జడుసుకునే మొహం కావాలని దేశమంతా తిరుగుతున్నాడంట. డొమొకోష్‌ని చూశాడు, తిరగడం మానేశాడు. జర్మను ఆఫీసరు వేషం. తర్వాత దుర్మార్గపు జమీందారు. తర్వాత మళ్ళీ జర్మను ఆఫీసరు. అన్నింట్లోనూ చావడమే. కాల్చి చంపారు, ముంచి చంపారు, గడ్డివాములో పెట్టి తగలబెట్టారు. మంచి వేషాలు రొమేనియనోళ్ళకి, చచ్చే వేషాలు మన హంగేరియనోళ్ళకి, అది అప్పటి పద్ధతిలే. పక్కన చచ్చేది నేను. ఏ సినిమా అయినా చూడు, వాడి శవం పక్కన ఒక చెయ్యి కనపడుతుంది, బొటనవేలు మీద మచ్చ. ఇదుగో, ఇదే ఆ మచ్చ. చచ్చిపోవడంలో నన్ను మించినోడు లేడని ఆ డైరెక్టరే అన్నాడు. 'నువ్వు బతికున్నప్పుడు కంటే చచ్చినప్పుడే బాగుంటావయ్యా' అన్నాడు. అంత మెచ్చుకోలు.

కానీ గొంతు. డొమొకోష్ రొమేనియను మాట్లాడితే హంగేరియను యాస గంట కట్టిన మేకలాగా మోగేది. డైరెక్టరు చెవులు మూసుకున్నాడు. 'డొమొకోష్, నువ్వు కోపంగా నోరు కదిపితే చాలు. అంకెలు లెక్కపెట్టుకో, తిట్టుకో, నీ ఇష్టం. గొంతు మేం తర్వాత వేరేవాడిది పెడతాం' అన్నాడు. వాడికి పండగ! మాటలు నేర్చుకునే పని లేదు, ప్రాంప్టరు పని లేదు. జర్మను ఆఫీసరుగా తుపాకి ఎత్తి కళ్ళెర్రజేసి, 'ఈ బూట్లు కరుస్తున్నాయి, భోజనం ఎప్పుడు పెడతార్రా' అనేవాడు. ఎదుటి నటుడికి మన భాష రాదు, భయపడి వణికేవాడు. చాలా బాగా వణికేవాడు.

మొదటి సినిమా మన టౌన్లో ఆడింది. నాటకశాల మొత్తం పొయ్యాం. వాడు కొత్త టై కట్టుకున్నాడు. తెర మీద నోరు తెరిచాడు, లోపల్నించి ఎవడిదో గొంతు వచ్చింది. నెయ్యి రాసినట్టున్న గొంతు, పెళ్ళిలో వడ్డించేవాడి గొంతు. డొమొకోష్ పక్కనే కూర్చున్నా గదా, చూశా, మెల్లగా చెయ్యి ఎత్తి గొంతు పట్టుకున్నాడు. ఉందా లేదా అని. బయటికొచ్చాక 'బానే ఉంది' అన్నాడు, టై విప్పి నా జేబులో కుక్కాడు. ఇప్పటికీ ఉంది, బీరువాలో. చూపించమంటావా? తర్వాతలే, పిల్లి దాని మీద పిల్లల్ని పెట్టింది.

ఆ సినిమా మెద్వెష్‌ఫాల్వాకీ పొయ్యింది. బోరి పిన్నికి అప్పటికి చూపు పూర్తిగా పొయ్యింది. 'మా డొమొకోష్ సినిమా' అని ఊరంతా చాటి, చెల్లెళ్ళని, మరదళ్ళని ఎంటేసుకుని ముందు వరసలో కూర్చుందంట. సినిమా నడుస్తంది. ఈవిడ పక్కావిణ్ణి పొడిచి అడిగిందంట, 'మావోడు ఎప్పుడొస్తాడే?' 'ఇందాకట్నించీ వాడేగా మాట్లాడేది!' బోరి పిన్ని లేచి, కర్ర తీసుకుని, ఆట మధ్యలో బయటికి పొయ్యింది. తర్వాత డొమొకోష్ రొట్టె, పాలింకా పట్టుకుని ఆవిడింటికి పొయ్యాడు. లారీ నాదేగా, నేనూ ఉన్నా. తలుపు తియ్యలా. లోపల్నించే అన్నది, 'అన్నేళ్ళు నా ఊపిరి ముక్కలు కోసి నీ నోట్లో పెట్టాను. ఆ నోట్లో ఇంకొకడి నాలిక పెట్టించుకున్నావురా? గొంతు అమ్ముకున్నోడితో నాకు మాటల్లేవు, పో.' పాలింకా మాత్రం గుమ్మంలో పెట్టి పొమ్మంది. న్యాయమైన మనిషి.

ఇంక పాషా సినిమా. తురకల పాషా, తలపాగా, ఇంత గడ్డం, గుర్రం. పెద్ద సీను, కోట ముందు నిలబడి యుద్ధం ప్రకటించాలి. చివర్లో బాణం తగిలి చావాలి. నేను అప్పటికే ముందు యుద్ధంలో చచ్చి వాడి కాళ్ళ దగ్గర పడున్నా. డైరెక్టరు, 'పొడుగు మాటయ్యా ఇది, అంకెలైతే మొహంలో తెలిసిపోద్ది, ఏదైనా నిజంగా కోపమొచ్చేది చెప్పు' అన్నాడు. డొమొకోష్ కత్తి దూశాడు. మంత్రి వేషగాడి మొహంలో మొహం పెట్టి మొదలెట్టాడు. 'బాతేదే కాతా?' నేను చచ్చున్నా గదా! నవ్వు ఎట్టా ఆపుకోను? ఆ సినిమా చూస్తే తెలుస్తుంది, పాషా కాళ్ళ దగ్గర ఒక శవం పొట్ట ఊగుతా ఉంటుంది. అది నా పొట్టే. మంత్రి గారు తల వంచి భక్తిగా వింటున్నాడు, 'తొడలు నీ తమ్ముడికి, నాకు మెడా?' అని. బాణం తగిలింది. పాషా మోకాళ్ళ మీద కూలాడు, కళ్ళలో నీళ్ళు, ఆకాశం వంక చూసి, 'సరే... ఆ మెడైనా పెట్టవే, ఆకలేస్తంది' అని ప్రాణం వదిలాడు. డైరెక్టరు ఏడ్చాడు అమ్మాయ్! కెమెరా పట్టుకున్నోడు ఏడ్చాడు! ఆ సాయంత్రం నేనడిగా, 'ఇంకేం దొరకలేదురా, బాతే దొరికిందా?' అని. వాడు గడ్డం పీక్కుంటా, 'పూర్తిగా నాదగ్గర మిగిలిన మాట అదొక్కటేరా' అన్నాడు. నేను నవ్వా. వాడు నవ్వలా.

దాని మీదట బుకారెస్ట్ వాళ్ళు వాడికి ఇల్లిస్తామన్నారు. వచ్చి ఇక్కడే ఉండిపో, ఏడాదంతా చావొచ్చు అన్నారు. మన మేనేజరు కూడా తేల్చేశాడు, 'మాటలు గుర్తుపెట్టుకోలేకపోతే కొత్త నాటకాలకి నిన్ను తీసుకోను' అని. డొమొకోష్ నాతో అన్నాడు, 'బోరి పిన్ని ఒక్క మాట మాట్లాడితే ఉండిపోతానురా మోజి. మాట్లాడకపోతే సోమవారం రైలు.' ఇదీ సంగతి. వాడు పోతే ఈ ఊళ్ళో నాటకం ఏముంది? నా లారీలో గడ్డాలు మిగుల్తాయి, మనిషి ఉండడు. అప్పుడు నేను బుర్ర పెట్టా. బుర్ర అంటే ఇది, మామూలుది కాదు.

ఆ ఆదివారం మెద్వెష్‌ఫాల్వాలో పాషా సినిమా. పెట్టెలు మోసుకుపోయేది నా లారీయే. జిల్లా నుంచి కమ్యూనిస్టు పార్టీ ఆయన, కామ్రేడ్ ప్లెష్కా, స్వయంగా వస్తున్నాడు, కాబట్టి హాల్లో కట్టెలు వెయ్యమని ఆర్డరు. ఆ చలికాలం ఊరు మొత్తంలో వెచ్చటి పొయ్యి అదొక్కటే! సినిమా పాషాదైనా ఎవడిదైనా జనం రాక ఏం చేస్తారు? బోరి పిన్ని కూడా వచ్చింది. ఊలు అల్లుకుంటా, తెరకి వీపు పెట్టి, పొయ్యికి ఎదురుగా కూర్చుంది. 'నాకు వేడి కావాలి, వాడి మొహం అక్కర్లా' అంది, కళ్ళు కనపడే మనిషి లాగా. ఆవిడ పక్కన చెవిటి గాష్పార్, చెప్పులు కుట్టేవాడు. యుద్ధంలో గుండు పేలి రెండు చెవులూ పొయ్యాయి. నీ పెదాలు చూసి నువ్వేమన్నావో చెప్పేస్తాడు, కానీ మన భాషే. రొమేనియను సినిమాలకి ఊరికే వచ్చి గుర్రాల్ని చూసేవాడు. ఒక్క డొమొకోష్ సినిమాలకి మాత్రం పగలబడి నవ్వేవాడు, శవాలు పడతా ఉంటే నవ్వేవాడు. గుండు చెవులకే కాదు, బుర్రకి కూడా తగిలిందిలే అనుకునేవాళ్ళు ఊళ్ళో. నాకు మాత్రం తెలుసు వాడెందుకు నవ్వుతున్నాడో. అందుకే గాష్పార్‌ని ఎవరు తీసుకొచ్చి ఆవిడ పక్కన కూర్చోబెట్టారనుకున్నావ్? ఈ చెయ్యే. సినిమా ఆపరేటరుకి పాలింకా ఎవరు పోశారు? ఈ చెయ్యే. వాడు కోటు మీద కోటు కప్పుకుని మూలన గురక పెడుతున్నాడు, మెషిను దగ్గర నేను. డొమొకోష్‌ని హాల్లో కూర్చోబెడితే దగ్గు విని ఆవిడ లేచిపోద్ది, అందుకని తెర వెనకాల పెట్టా, జెండాలు, పగిలిన డోలు పెట్టే చోట. 'ఆటయ్యాక బయటికొచ్చి చెప్పాల్సింది చెప్పుకో' అన్నా. అక్కణ్ణించి వాడికి వాడి మొహమే కనపడుతుంది, ఇంత పెద్దది, అద్దంలో లాగా తిరగబడి, ఎడం చేత్తో కత్తి పట్టుకుని.

పాషా వచ్చాడు. నోరు తెరిచాడు. నెయ్యి గొంతు. బోరి పిన్ని, 'ఆ, వడ్డించేవాడొచ్చాడు, చారు పట్రమ్మను' అంది. ఆడోళ్ళు కిసుక్కుమన్నారు. కోట ముందు సీను మొదలైంది, గాష్పార్ హహ్హహ్హా అని మొదలెట్టాడు. ప్లెష్కా వెనక్కి తిరిగాడు, 'ఎవడయ్యా అది? యుద్ధం ప్రకటిస్తుంటే నవ్వుతాడు?' చెవిటివాడికి తను గుసగుసలాడుతున్నాననే ఉంటుంది, ఊరంతా వినేట్టు అరిచాడు, 'బాతు! పాషా గారు బాతు అడుగుతున్నాడు! దానికి తన కూడు పెట్టాడంట!' బోరి పిన్ని సూదులు ఆగిపొయ్యాయి. 'ఏం బాతు?' అంది. గాష్పార్ ఆవిడ పెదాలు చూద్దామని ఇటు తిరిగాడు. ఆవిడ తడుముకుంటా వాడి గడ్డం పట్టి, మొహం తెర వైపు తిప్పేసింది. 'అటు చూసి చెప్పు సన్నాసీ!' ఆ మాట వాడికెట్టా వినపడుద్ది? కానీ చెయ్యి వినపడింది. 'కోటు కప్పి పడుకోబెట్టానే అంటున్నాడు...' అన్నాడు.

అప్పుడు, అమ్మాయ్, అక్కడుంది సంగతి. తెరకి వీపు పెట్టుకున్న గుడ్డి మనిషి ఊపిరి తీసింది. అదే ఊపిరి, గూట్లో తీసేది. తీసి, గుసగుసగా, రాగంతో, 'తొడలు నీ తమ్ముడికి...' అంది. తెర మీద పాషా పెదాలు కదిలాయి. 'అదే! అదే అన్నాడు!' అని గాష్పార్ ఎగిరాడు. 'రొమ్ము నీ తమ్ముడికి...' పెదాలు కదిలాయి. హాలంతా పాషా మూతి చూస్తున్నారు. ఆవిడ చెప్పడం, తెర మీదోడు అనడం! నేను ఊరుకుంటానా? సౌండు మీట పట్టి కిందకి లాగేశా. నెయ్యి గొంతు చచ్చింది. ఒక్క క్షణం పొయ్యిలో కట్టెలు తప్ప ఏం లేదు. ఆవిడ, 'నాకు...' అంది. తెర వెనకాల వాడు చీకట్లో, ముసలి గుర్రం మువ్వల సద్దు విన్నట్టు, నోరు తెరిచాడు. 'నాకు మెడా?!' అన్నాడు. కిటికీలు అదిరాయి. రంపపు మిల్లు గొంతు! డోలు మీద పడిపొయ్యాడు కూడా, ఆ దెబ్బకి డోలు మోగింది, యుద్ధానికి సరిగ్గా సరిపొయ్యింది.

ప్లెష్కా నా దగ్గరికి పరిగెత్తుకొచ్చాడు. 'ఇదేంటి? సినిమా హంగేరియనులో మాట్లాడుతోందేంటి?' నా మొహంలో ఏమీ లేదు, చచ్చే వేషాల అనుభవం. 'కామ్రేడ్, ఇది ప్రత్యేకంగా మన పల్లెల కోసం చేసిన ప్రింటు గదా. పైనుంచి మీకు చెప్పలేదా?' ఆ రోజుల్లో పైనుంచి వచ్చిన మాట నాకు తెలియదని ఒప్పుకునే మొగాడెవడు? ప్లెష్కా టోపీ సర్దుకున్నాడు. 'చెప్పకేం? చెప్పారు. నేనే సిఫారసు చేశా' అన్నాడు, పొయ్యి కూర్చున్నాడు. కూర్చుని, అందరూ నవ్వినప్పుడల్లా ఒక్క క్షణం ఆలస్యంగా నవ్వాడు.

పాషాకి బాణం తగిలింది. జనం కళ్ళనీళ్ళు కారతా నవ్వుతున్నారు, అప్పటికే పొట్టలు పట్టుకుని ఉన్నారు. మోకాళ్ళ మీద పడ్డాడు. చివరి మాట. బోరి పిన్ని ఊపిరి తీసింది, అందించలా. ఆగింది. మర్చిపొయ్యిందా? తెర మీద పెదాలు కదిలిపొయ్యాయి, తెర వెనక గొంతు లేదు. అప్పుడు, ఆవిడ అందించకుండానే, మెల్లగా, చిన్న గొంతుతో వచ్చింది. 'సరే... ఆ మెడైనా పెట్టవే, ఆకలేస్తంది.' ఆవిడ ఊలు ఒళ్ళో పడేసి, 'ఈ ఒక్కటి వీడికే వచ్చురా' అంది. ఎవరితో అందో తెలవదు, పొయ్యితో అంది.

చప్పట్లు. మామూలు చప్పట్లు కాదు, ఇనప చప్పట్లు, అందరి చేతులూ ఒకే దెబ్బగా, సమ్మెట వేసినట్టు. అట్టా కొడితే నటుడు ఎంత చచ్చినా లేచొచ్చి దండం పెట్టాల్సిందే, అది మన పద్ధతి. కానీ సినిమాలో చచ్చినోడు ఎట్టా లేస్తాడు? జనానికి ఆ లెక్క పట్టలా. తెల్లతెర మీద ఏమీ లేదు, వీళ్ళు కొడతానే ఉన్నారు. బోరి పిన్ని కూడా తిరిగి కూర్చుని కొడతంది. 'లెయ్యరా, జనం పిలుస్తున్నారు' అంది. తెర అడుగున వంగి, జుట్టు నిండా దుమ్ము, మెళ్ళో ఏదో జెండా చిక్కుకుని, వచ్చాడు డొమొకోష్. ఒక ముసలమ్మ శిలువ గీసుకుంది, చచ్చిన పాషా నిజంగానే లేచాడని. వాడు నేరుగా పొయ్యి ఆవిడ ముందు మోకాళ్ళ మీద కూర్చున్నాడు. ఆవిడ చెయ్యి చాపి తడిమింది. మొహం కాదు, గొంతు. ఇదుగో ఇక్కడ. కాసేపు పట్టుకుంది. 'ఉంది' అంది. తర్వాత చెవి మెలేసి, 'యుద్ధం ప్రకటించేటప్పుడు కాతా పేరు మింగావేందిరా వెధవా?' అంది.

సోమవారం రైలు ఎక్కలేదులే, ఇంకా అడుగుతావేం? బోరి పిన్నే నా లారీ ఎక్కింది. మళ్ళీ గూట్లో కూర్చుంది, చూపు లేకుండా. నాటకం మొత్తం ఎవరో ఒకసారి చదివి వినిపిస్తే చాలు, కడుపులో పెట్టుకునేది. గూట్లో బల్బు కూడా తీసేశారు, కరెంటు ఆదా అని పేపర్లో పొగిడారు. డొమొకోష్ మళ్ళీ రాజు. సినిమాల్లో మాత్రం చావడం మానలా, ఎండాకాలం సెలవుల్లో పొయ్యి చచ్చొచ్చేవాడు. ప్లెష్కా సంగతా? పాపం, మీటింగులో లేచి ఆ ప్రింటు జిల్లా అంతా ఆడించాలన్నాడంట. నా దగ్గరికి మనుషుల్ని పంపారు. 'కాలిపొయ్యింది కామ్రేడ్, నవ్వులకి వేడెక్కి కాలిపొయ్యింది' అన్నా. ఏం చేస్తారు, సినిమా రీళ్ళు నవ్వుతో కాలవని రుజువు చెయ్యగలరా?

పొయ్యింది డొమొకోషే ముందు. ఆవిడ కాదు. బొమ్మ కింద ఏం రాస్తున్నారో తెలవదు గానీ, ఇప్పుడు చెప్పేది మాత్రం రాయరు. స్మశానంలో కొండ మీద చలి, ఊరంతా వచ్చారు, గాష్పార్ వచ్చాడు, ఇంత పెద్ద ముసలాడయ్యాడు. పాస్టరు ప్రార్థన అయిపొయ్యింది, శవప్పెట్టె దించే ముందు ఎవరో మొదలెట్టారు, ఇనప చప్పట్లు. చేతుల తొడుగులు తీసేసి కొట్టాం, అరచేతులు మండిపొయ్యేదాకా. బోరి పిన్నిని నేనే చెయ్యి పట్టి దగ్గరికి తీసుకుపొయ్యా. ఆవిడ వంగింది. చప్పట్లు ఆగాయి. ఊపిరి తీసింది, అదే ఊపిరి. పెట్టె మూత దగ్గర మూతి పెట్టి, గుసగుసగా, 'సరే... ఆ మెడైనా...' అని అంతవరకే అందించి ఆగింది. అందరం ఆగాం. గాష్పార్ పెట్టె వంకే చూస్తున్నాడు, కళ్ళార్పకుండా, తెర వంక చూసినట్టు. చూసి, చూసి, నవ్వాడు. పెద్దగా. హహ్హహ్హా అని.

అట్టా చూడకు. ఏమైందో నేను చెప్పలా. మూత కదిలిందని నేను అన్నానా? అయితే కదల్లేదని నువ్వు అను. ఆ రోజు కొండ మీదున్నోళ్ళంతా ఇప్పుడు ఆ కొండ మీదే ఉన్నారు. మిగిలింది నేను. పో, వాళ్ళనడిగి వచ్చి, మోజెష్ తాత అబద్ధాలకోరని రుజువు చెయ్యి. పిల్లిని మళ్ళీ ఎత్తి కుర్చీలో పెట్టి మరీ పో.